దక్షిణం లేని అయస్కాంతం

పెళ్లయిన కొత్తలో మొగుడూ పెళ్లాల మధ్య అడ్డం పడడానికి చాలామంది ఉంటారు. అత్తగారుంటుంది, ఆడపడుచుంటుంది, ఎవరూ లేకపోతే ఆషాఢమాసమైనా ఉంటుంది. మా ఇద్దరి మధ్య అడ్డం పడింది మాత్రం ఒక మూరెడు ఉక్కు కడ్డీ. పైగా అది మా ఆవిడ చిన్నప్పుడు తన చేతులతో తాను చేసిన కడ్డీయే.

నా పేరు భీమశంకరం. చింతగిరి కలెక్టరు కార్యాలయంలో సూపరింటెండెంటుని. ప్రజల సౌకర్యార్థం మా జిల్లాను రెండుగా విడదీసి, విడిపోయిన ముక్కకు తుమ్మలకోట జిల్లా అని పేరు పెట్టినప్పుడు, ఉమ్మడి ఆస్తులు పంచే సెక్షను నా నెత్తిన పడింది. అన్నదమ్ముల పంపకాలు చూసినవాణ్ణే గానీ ఆఫీసుల పంపకాలు నేనెప్పుడూ చూడలేదు. జనరేటరు మాకు వచ్చింది, దాన్ని తిప్పే హ్యాండిలు వాళ్లకు వెళ్లింది. మైకు మాకు, స్పీకర్లు వాళ్లకు. అప్పట్నించీ మా అధికారులు మీటింగుల్లో మాట్లాడేది ఎవరికీ వినపడలేదు. దానివల్ల పాలనలో లోటేమీ కనిపించలేదు.

జిల్లా విజ్ఞాన కేంద్రంలో అద్దాల పెట్టెలో ఒక పెద్ద అయస్కాంతం ఉండేది. కింద పలక మీద 'తయారు చేసినవారు: కుమారి ఎన్. సుభాషిణి, పదవ తరగతి' అని రాసి ఉంది. రాష్ట్ర స్థాయిలో బహుమతి తెచ్చిపెట్టిన వస్తువు. అయితే దానికి కొన్న బిల్లు లేదు. బిల్లు లేని ఆస్తికి తయారీదారు ధ్రువపత్రం కావాలని నిబంధన. ఆ తయారీదారును వెతుక్కుంటూ తుమ్మలకోట వెళ్లాను. ఆవిడ అక్కడి హైస్కూల్లో ఫిజిక్సు చెబుతోంది.

"దాన్ని ఏ ఫ్యాక్టరీలో చేశారు మేడమ్?" అని అడిగాను, కాగితం మీద ఆ గడి ఉంది గనక.

"మా ఇంటి వరండాలో" అంది ఆవిడ. "మా నాన్న బోరు మోటార్లకి వైండింగ్ చేసేవారండి. రాగి తీగకి కొదవ లేదు. గట్టి ఉక్కు కడ్డీకి కాగితం చుట్టి, దాని మీద తీగ దగ్గర దగ్గరగా చుట్టాను. తీగ కొసలు ట్రాక్టరు బ్యాటరీకి ఆనించి తీసేశాను. ఫట్‌మని నిప్పురవ్వ లేచింది. మా అమ్మ చీపురు తీసుకుని వచ్చింది. ఆవిడొచ్చేలోగా కడ్డీ మేకులు పట్టేసింది."

"తీగ చుడితే ఇనుము అయస్కాంతం ఎందుకవుతుందండీ?" ఈ గడి కాగితంలో లేదు. నేనే అడిగాను.

ఆవిడ నన్ను వెనక బెంచీ విద్యార్థిని చూసినట్టు చూసి చెప్పింది. "ఇనుము లోపల కంటికి కనపడని బుల్లి అయస్కాంతాలు కోట్లకొద్దీ ఉంటాయి. మామూలప్పుడు గంట కొట్టకముందు బడి పిల్లల్లాగా తలా ఒక వైపు తిరిగి ఉంటాయి. తీగలో కరెంటు పారితే ప్రార్థనకి నిలబడ్డట్టు అన్నీ ఒకే వైపు తిరుగుతాయి. అదే అయస్కాంతం. మెత్తటి ఇనుమైతే కరెంటు తీయగానే మళ్లీ ఎవరి దారి వారిది. ఉక్కు అలా కాదు, ఒకసారి నిలబడితే అంత తొందరగా కదలదు."

ధ్రువపత్రం ఇచ్చింది. స్టాంపు సరిగా పడలేదని మళ్లీ వెళ్లాను. తేదీ లేదని ఇంకోసారి వెళ్లాను. ఆ పై వారం సంతకం పక్కన పొడి అక్షరాలు కావాలని వెళ్తే, ఆవిడ పెన్ను మూత పెట్టేసి, "మీకు నిజంగా ధ్రువపత్రమే కావాలా?" అని అడిగింది. అలా మా పెళ్లి జరిగింది.

పెళ్లయిన వెంటనే భార్యాభర్తల కోటాలో నన్ను తుమ్మలకోటకు బదిలీ చేస్తూ ఉత్తర్వు వచ్చింది. ఉత్తర్వు చివర ఒక చిన్న వాక్యం ఉంది: 'ఉమ్మడి ఆస్తుల విభజన పూర్తయిన వెంటనే సదరు ఉద్యోగిని రిలీవ్ చేయవలెను.' బీరువాలు పంచాం, బల్లలు పంచాం, ఆఫీసు పిల్లిని కూడా ఎవరికి వాళ్లు వద్దనుకుని పంచాం. మిగిలింది అయస్కాంతం ఒక్కటే. వచ్చే వారమే వచ్చేస్తానని సుభాషిణికి ఫోను చేసి, పరుపు కూడా కొనమన్నాను.

విభజన కమిటీలో ముగ్గురు పెద్దలున్నారు. అధ్యక్షులు ప్రత్యేకాధికారి సదానందం గారు. చింతగిరి తరఫున కోదండపాణి గారు, తుమ్మలకోట తరఫున అనసూయాదేవి గారు. ఈ ఇద్దరూ ఒకే కార్యాలయంలో ఏళ్ల తరబడి ఒకే ఫ్లాస్కులో టీ తాగినవాళ్లు. జిల్లా విడిపోయాక వాళ్లలో ఒకరు ఫ్యాను వేయమంటే రెండోవారు తీసేయమనేవారు.

అయస్కాంతం స్వభావం సభ్యులకు తెలియాలి గనక, కడ్డీని నడుమ దారం కట్టి ఫ్యాను కొక్కేనికి వేలాడదీశాను. అది కాసేపు అటూ ఇటూ ఊగి, ఒక కొస ఉత్తరానికీ రెండో కొస దక్షిణానికీ పెట్టి ఆగింది.

"అది అలాగే ఆగుతుందండి. ఉత్తరం చూసేది ఉత్తర ధ్రువం, దక్షిణం చూసేది దక్షిణ ధ్రువం" అన్నాను, మా ఆవిడ దగ్గర నేర్చుకున్న పాఠం అప్పజెబుతూ. ఆ ఒక్క ముక్క చెప్పకుండా ఉంటే ఈపాటికి నా కాపురం కుదుటపడి ఉండేది.

అనసూయాదేవి గారు కళ్లజోడు సవరించుకున్నారు. "దక్షిణమా? అంటే యముడి దిక్కు కదండీ. కొత్త జిల్లా. ఇంకా గృహప్రవేశం కూడా కాని కలెక్టరేటు. మా బిల్డింగుకి దక్షిణం వైపు గుమ్మం ఉందని గోడ కట్టించి మూసేశాం. ఇప్పుడు ఈ యమకొసని తీసుకెళ్లి లోపల పెట్టుకోమంటారా?"

"మరి మేమేం పాపం చేశామమ్మా?" అన్నారు కోదండపాణి గారు. "ఉత్తరం కుబేర స్థానం. మాకూ ఉత్తరమే కావాలి."

రాత్రి ఇంటికెళ్లి ఈ ముగ్గురూ దక్షిణం వైపే తలపెట్టి పడుకుంటారని నాకు తెలుసు. కానీ నాకు రిలీవింగు ఆర్డరు కావాలి, అందుకని నోరు మూసుకున్నాను.

సదానందం గారు గొంతు సవరించుకున్నారు. ఆయన గొంతు సవరించుకుంటే తీర్మానం వస్తుంది. "ఉభయ జిల్లాల మనోభావాలను సమగ్రంగా పరిశీలించిన మీదట, సదరు అయస్కాంతం యొక్క దక్షిణ కొసను మాత్రమే కోసి తొలగించి, మిగిలిన శుద్ధ ఉత్తర భాగాన్ని ఇరు జిల్లాలకు సమానంగా పంచవలసినదిగా ఈ కమిటీ ఏకగ్రీవంగా తీర్మానిస్తున్నది."

బస్టాండు వెనక మస్తాన్ వర్క్‌షాపుకి కడ్డీ పట్టుకెళ్లాను. మస్తాన్ హ్యాక్‌సా రంపంతో బెత్తెడు కొస కోసి నా చేతిలో పెట్టాడు. కోసిన కొసను చింతగిరి పొలిమేర దాటించి గొయ్యి తీసి పూడ్చాం. మిగతా కడ్డీని కమిటీ ముందు మళ్లీ వేలాడదీశాను. అది ఊగి ఊగి ఆగింది. కొత్తగా కోసిన కొస తిన్నగా దక్షిణం చూస్తోంది.

ముందు తేరుకున్నది కోదండపాణి గారు. "సరిగ్గా కోయలేదు. వేరు మిగిలిపోయింది."

మళ్లీ కోయించాం. మళ్లీ దక్షిణం వచ్చింది. ఇంకో బెత్తెడు తీయించాం. మళ్లీ వచ్చింది. మస్తాన్ రంపం పక్కన పెట్టి, "ఏంది సార్ ఇది? కొయ్యమంటే కోస్తా, నాదేం బోయింది. కోసేకొద్దీ తోక మొలస్తా ఉంటే నేనేం జేసేది?" అన్నాడు. అతని వాంగ్మూలం తీసుకుని ఫైలులో పెట్టారు.

ఆ సాయంత్రమే నా బల్ల మీద మెమో ఉంది. 'దక్షిణ ధ్రువ పునరుత్పత్తికి గల కారణాలను, అందుకు బాధ్యులైన సిబ్బంది వివరాలను తక్షణమే తెలియజేయవలెను. లేనియెడల మీ రిలీవింగు ప్రతిపాదన వాయిదా వేయబడును.'

సుభాషిణికి ఫోను చేస్తే చాలాసేపు నవ్వింది. "అయస్కాంతానికి దక్షిణం కొసలో ఉండదండీ. లోపల ప్రతి బుల్లి అయస్కాంతానికీ రెండూ ఉంటాయి. వరసలో నిలబడ్డ పిల్లల్ని ఎక్కడ విడదీసినా, విడిపోయిన ప్రతి వరసకీ ముందొకడూ వెనకొకడూ ఉండరూ? పొడి చేసినా అంతే. పొడిలో ప్రతి నలుసుకీ ఉత్తరం ఒకటి, దక్షిణం ఒకటి."

అదే మక్కికి మక్కి రాసి మెమోకి జవాబిచ్చాను. సదానందం గారు చదివి చాలా సానుభూతిగా చూశారు.

"భీమశంకరం గారూ, మీ వివరణలో శాస్త్రం ఉంది, కాదనను. కానీ ఉత్తర్వు ఏదీ? ప్రతి ముక్కకూ రెండు ధ్రువాలు ఉండవచ్చునని ఏ జీవోలో ఉంది? లేనప్పుడు మనం ఎలా అనుమతించగలం?"

నా జవాబులో చివరి వాక్యం అనసూయాదేవి గారిని కలవరపెట్టింది. ప్రతి ముక్కకూ రెండూ ఉంటే, పూడ్చిన ముక్కల్లో ఉత్తరం కూడా ఉండి తీరాలి. "అంటే మా జిల్లాకు రావలసిన కుబేర భాగం మట్టిలో పడి ఉందన్నమాట! ఎవరి ప్రోద్బలంతో పూడ్చారు?" అని ఆవిడ లేచి నిలబడ్డారు. వెంటనే తవ్వకాలకు ఉత్తర్వులిచ్చారు. ముక్కలు బయటికి తీశాం. తవ్వి తీసిన ముక్కల దక్షిణాలను కోశాం. ఆ కోసిన వాటిలో ఉత్తరాలున్నాయని వాటిని దాచాం. దాచినవి పెట్టెలో ఒకదాన్నొకటి కరుచుకుని ఏది ఎవరిదో తెలియకుండా పోయింది. పెట్టెకు కాపలాగా ఒక హోంగార్డును పెట్టారు. అతని బెల్టు బకిలు వెళ్లి పెట్టెకు అతుక్కుంటే, ప్రలోభానికి లొంగాడని అతని మీదా విచారణ వేశారు.

పని త్వరగా జరగాలని కమిటీని రెండు ఉపసంఘాలుగా విడదీశారు. ఒక ఉపసంఘంలో కోదండపాణి గారుంటే న్యాయం జరగదని అనసూయాదేవి గారు దానిలో కూడా చేరారు. రెండోదానిలో ఆవిడుంటే తాను కూడా ఉండాలని ఆయన చేరారు. రెండు ఉపసంఘాల్లోనూ ఇద్దరూ ఎదురెదురుగా కూర్చునేవారు. నేను దీన్ని గురించి ఎక్కడా ఏమీ రాయలేదు.

నెలలు గడిచాయి. మూరెడు కడ్డీ డబ్బాడు ముక్కలయింది. తుమ్మలకోటలో పరుపు ప్లాస్టిక్ కవరు కూడా విప్పకుండా గోడకి నిలబెట్టి ఉంది. సుభాషిణి నవ్వడం తగ్గించింది. ఒక ఆదివారం ఫోనులో, "మన పక్కింటావిడ నాకు పెళ్లయిన మాట నమ్మడం లేదండీ" అంది. నాకు ఏడుపొచ్చింది. కమిటీ మీద కోపం వచ్చింది, నా మీద నాకే ఇంకా కోపం వచ్చింది. ఆ వేలాడదీసిన రోజున నోరు మూసుకుని కడ్డీని నడిమికి నరికించి చెరో సగం ఇచ్చి ఉంటే సరిపోయేది కదా అనిపించింది.

"ఒక దారుంది" అంది సుభాషిణి. "కొలిమిలో పెట్టి ఎర్రగా కాల్పించండి. అంత వేడికి లోపలివన్నీ వరస తప్పి ఎటుపడితే అటు తిరిగిపోతాయి. అప్పుడు దానికి దక్షిణమూ ఉండదు, ఉత్తరమూ ఉండదు. ఉత్త ఇనుము."

"అది నువ్వు చేసిన అయస్కాంతం. మన ఇద్దర్నీ కలిపింది అదే."

"ఇప్పుడు విడదీస్తోందీ అదేగా. అయస్కాంతం పోతే ఇంట్లో ఇంకోటి చేసుకుంటాను. మొగుణ్ణి ఇంట్లో చేసుకోలేను కదా" అంది. ఫోను పెట్టేసే ముందు టీచరు మళ్లీ టీచరయింది. "చల్లారేటప్పుడు మాత్రం ఉత్తర దక్షిణాలుగా పెట్టకండి. భూమి కూడా పెద్ద అయస్కాంతమే, దాని వరసలోనే పడుకోబెడితే మళ్లీ కొంచెం నేర్పేస్తుంది. తూర్పు పడమరలుగా పెట్టించండి."

ఇంత మంచి ఉపాయాన్ని శాస్త్రం పేరుతో పెడితే కమిటీ ఒప్పుకోదు. అందుకని 'దక్షిణ దోష నివారణార్థం అగ్నిశుద్ధి' అని ఫైలు పెట్టాను. సదానందం గారు అదే రోజు సంతకం చేశారు. మస్తాన్ కొలిమికి మామిడాకుల తోరణం కట్టారు. పురోహితుడు మంత్రాలు చదువుతుంటే మస్తాన్ ముక్కలను రెండు కుప్పలు చేసి, ఎర్రగా కాల్చి, సమ్మెటతో కొట్టి, ఒక్కో కుప్పను ఒక్కో పొట్టి కడ్డీగా సాగదీశాడు. రెంటినీ తూర్పు పడమరలుగా పెట్టి చల్లార్చాం. తూర్పు సూర్యుడి దిక్కని అందరూ మెచ్చుకున్నారు.

కడ్డీలు వేలాడదీశాం. ఒకటి మస్తాన్ టీ గ్లాసు వైపు చూస్తూ ఆగింది. రెండోది కోదండపాణి గారి వైపు చూసింది. చేత్తో తిప్పి వదిలితే ఇంకెక్కడో ఆగాయి. దక్షిణం జోలికి రెండూ పోలేదు. అందరూ చప్పట్లు కొట్టారు. అనసూయాదేవి గారు కళ్లకద్దుకుని తుమ్మలకోట కడ్డీ అందుకున్నారు. ఎందుకైనా మంచిదని తన చీర పిన్ను తీసి దానికి ఆనించారు. పిన్ను జారి కింద పడింది.

"ఇది దేన్నీ పట్టుకోవడం లేదండీ!"

సదానందం గారు గొంతు సవరించుకున్నారు. "అమ్మా, మన పరిధి దక్షిణ దోష నివారణ వరకే. ఆకర్షణ అనే అంశం అజెండాలో లేదు."

విభజన పూర్తయినట్టు ఆ గంటలోనే సంతకాలయ్యాయి. రెండు కలెక్టరేట్లలోనూ 'దక్షిణం లేని అయస్కాంతం' అని రాసి అద్దాల పెట్టెల్లో పెట్టారు. చూడడానికి వచ్చే పెద్దలు నొచ్చుకోకుండా మా అటెండరు చింతగిరి కడ్డీకి నాలుగు గుండుసూదులు జిగురుతో అంటించాడు.

రిలీవింగు ఆర్డరు జేబులో పెట్టుకుని బస్సెక్కాను. బస్సు సగం దారిలో టీకి ఆగింది. ఎదురుగా చింతగిరి వెళ్లే బస్సు ఆగి ఉంది. దాని కిటికీలో సుభాషిణి కూర్చుని ఉంది.

"నువ్వెక్కడికి?"

ఆవిడ తన కాగితం తీసి ఇచ్చింది. మా అగ్నిశుద్ధి విజయాన్ని చూసి ముచ్చటపడి, పైవాళ్లు రెండు జిల్లాల్లోనూ 'ఇంటింటా అయస్కాంతం' పథకం పెట్టారు. ప్రతి ఇంట్లోనూ దక్షిణం లేని అయస్కాంతం ఒకటి తయారు కావాలి. తయారీలో పూర్వానుభవం ఉన్న సుభాషిణి నోడల్ అధికారి. కార్యస్థానం చింతగిరి. చివర ఒక చిన్న వాక్యం: 'పథకం నూటికి నూరు శాతం పూర్తయిన వెంటనే సదరు ఉద్యోగినిని రిలీవ్ చేయవలెను.'

నేను టీ బల్ల మీద కూలబడ్డాను. "అయిపోయాం. దక్షిణం లేని అయస్కాంతం ప్రపంచంలో ఎవరి వల్లా కాలేదు కదే!"

సుభాషిణి టీ తాగుతూ ఆలోచించింది. "అద్దాల పెట్టెలో పెట్టింది మంజూరైన నమూనాయేనా? దాని పరీక్ష ఏమిటి?"

"దారం కట్టి వేలాడదీస్తే దక్షిణం చూసి ఆగకూడదు. అంతే."

"పిన్ను పట్టాలని లేదా?"

"అది అజెండాలో లేదు."

ఆవిడ మొహంలోకి నేను మొదటిసారి స్టాంపు సరిగా పడలేదని వెళ్లినప్పటి నవ్వు వచ్చింది. టీ కొట్టు ఆయన్ని అడిగి ఇనప అట్లకాడ తీసుకుంది. చీర కొంగు నుంచి దారం లాగి నడుమ కట్టి వేలాడదీసింది. అట్లకాడ కాసేపు తిరిగి, ఆవకాయ జాడీ వైపు చూస్తూ ఆగింది. ఆవిడ తిప్పి మళ్లీ వదిలింది. ఈసారి రోడ్డు వైపు ఆగింది.

"దక్షిణం లేదు" అంది తృప్తిగా. "రెండు జిల్లాల్లో అట్లకాడ లేని ఇల్లుందంటారా?"

సుభాషిణి చింతగిరిలో చేరిన వారంలోనే పథకం నూటికి నూరు శాతం పూర్తయినట్టు నివేదిక ఇచ్చింది. అట్లకాడ లేని బ్రహ్మచారుల ఇళ్లలో గునపాలు, తలుపు గొళ్లేలు లెక్కలోకి వచ్చాయి. కమిటీ స్వయంగా కొన్ని ఇళ్లకు వెళ్లి అట్లకాడలు వేలాడదీసి చూసింది. ఒక్కటీ పనిగట్టుకుని దక్షిణం చూడలేదు. ఇంత తక్కువ కాలంలో ఇంతటి శుద్ధ అయస్కాంతాలను ఉత్పత్తి చేసిన మహిళామణులను ప్రభుత్వం మరువదని సదానందం గారు మైకులో చెప్పారు. స్పీకర్లు తుమ్మలకోటలో ఉండడంతో ఎవరికీ వినపడలేదు. సుభాషిణికి శాలువా కప్పి, అదే వేదిక మీద రిలీవ్ చేశారు.

ఇప్పుడు తుమ్మలకోటలో కాపురం ఉంటున్నాం. వచ్చిన మొదటి ఆదివారమే సుభాషిణి వాళ్ల నాన్న దగ్గర్నుంచి రాగి తీగ తెచ్చి, ఒక జానెడు ఉక్కు కడ్డీకి చుట్టింది. బ్యాటరీ నేను పట్టుకున్నాను. ఫట్‌మని నిప్పురవ్వ లేచింది. ఆ కడ్డీని వంటింటి కిటికీకి తగిలించాం. మంజూరైన మా అట్లకాడ దానికి అతుక్కుని వేలాడుతూ ఉంటుంది.

దానికి ఉత్తరమూ ఉంది, దక్షిణమూ ఉంది. ఈ మాట దయచేసి ఆఫీసులో ఎవరితోనూ అనకండి.